కువైట్ చేరని క్రేను

కువైట్‌లో రైలు లేదు. ఈ ముక్క ముందే చెప్పేస్తే నా ప్రయాణం కథ సగం చెప్పినట్టే. గల్ఫ్ దేశాలన్నిటినీ కలుపుతూ రైలుమార్గం వస్తుందని పేపర్లలో రంగురంగుల మ్యాపులు పడుతున్న రోజులవి. షువైఖ్ పోర్టు దగ్గర మా కంపెనీకి ఒక కంటైనర్ యార్డు ఉండేది. దాన్ని ఖాళీ చెయ్యాల్సి వచ్చింది. మా ముదీర్, అంటే మేనేజరు, ఆ మ్యాపు చూసి మీనా అబ్దుల్లా వైపు ఇసుకలో కొంత స్థలం లీజుకు తీసుకున్నాడు. రైలు వస్తే దాని మీంచి కంటైనర్లు దించడానికి క్రేను కావాలి కదా. బ్రిటన్‌లో అలాంటి రైల్వే టెర్మినళ్ళు చాలా మూతపడ్డాయనీ, క్రేన్లు చవగ్గా దొరుకుతాయనీ ఆయనకు ఎవరో చెప్పారు. ఆలు లేదు చూలు లేదు, కొడుకు పేరు సోమలింగం. గజం రైలు పట్టా పడకముందే క్రేను కొనేశాడు.

దాన్ని విప్పించి ఓడ ఎక్కించే పని నా నెత్తిన పడింది. నేను మెకానికల్ ఇంజనీర్ని. సొంతూరు విజయవాడ, కువైట్‌లో కాపురం ఫింటాస్‌లో. నాకు తోడుగా సత్తిబాబుని పంపారు. రాజోలు దగ్గరి మనిషి, యాభైకి దగ్గరపడ్డాడు, షువైఖ్ యార్డులో ఏళ్ళ తరబడి క్రేను ఆపరేటరు. ముదీర్ అతన్ని పిలిచి ఒకటే చెప్పాడు. కొత్త క్రేను వస్తే దాని మీద నువ్వే, ఇఖామా, అంటే అక్కడ ఉండనిచ్చే పర్మిట్, రెన్యువల్ చేస్తాం. రాకపోతే ఖలాస్. ఆ వయసు ఆపరేటరుకి వీసాకి పూచీ పడే ఇంకో యజమాని, కఫీల్, దొరకడం కల్ల. అతని రెండో అమ్మాయి రాజమండ్రిలో నర్సింగ్ చదువుతోంది, చదువు ఇంకా సగంలో ఉంది. నాకు అది డ్యూటీ. అతనికి బతుకు.

శనివారం సాయంత్రం ఫింటాస్‌లో టాక్సీ ఎక్కి ముందు అబ్బాసియా వెళ్ళాను. సత్తిబాబు ఉండే గదిలో ఆరు మంచాలు, వాటి మధ్య నడవడానికి ఒక జానెడు దారి. అతను ఇస్త్రీ చొక్కా వేసుకుని, సూట్‌కేసు మీద కూర్చుని ఉన్నాడు. గదిలోవాళ్ళు వంతులవారీగా ఆటపట్టిస్తున్నారు. లండన్ వెళ్ళి దొరసానిని తెస్తే ఏడో మంచం ఎక్కడ వెయ్యాలని ఒకడు అడిగాడు. కింద మెస్సులో పప్పుచారుతో అన్నం తిని ఎయిర్‌పోర్టుకి బయల్దేరాం. పాస్‌పోర్టులు అక్కడే, కంపెనీలో వీసా కాగితాల పని చూసే మందూబ్ చేతి మీదుగా అందాయి. మన పాస్‌పోర్టు మనం ముట్టుకునేది విమానం ఎక్కే ముందే. దాన్ని ఇచ్చేటప్పుడు కూడా వాడు అప్పు ఇస్తున్నట్టే మొహం పెట్టాడు.

దుబాయ్‌లో విమానం మారి, ఆదివారం మధ్యాహ్నానికి మాంచెస్టర్‌లో దిగాం. అక్కణ్ణుంచి ఉత్తరాన ఉన్న ఒక పాత మిల్లుల ఊరికి వెళ్ళాలి, రెండు రైళ్ళు. వెనక వచ్చేవాళ్ళకి ఒక మాట: ఇంగ్లండులో రైలు టికెట్టు వారాల ముందే కొనుక్కోండి. అప్పటికప్పుడు కౌంటర్లో కొంటే చెవి మెలిపెట్టి వసూలు చేస్తారు. మేం అలాగే చేయించుకున్నాం. డబ్బు కంపెనీదైనా దీనార్లలోకి మార్చుకుని సత్తిబాబు ఆ టికెట్టుని తిప్పి తిప్పి చూశాడు.

రెండో రైల్లో ఎదురుగా ఊలు అల్లుకుంటున్న పెద్దావిడ కూర్చుంది. ఎక్కడికని అడిగితే ఫలానా టెర్మినల్లో క్రేను విప్పడానికి అని చెప్పాను. ఆవిడ సూదులు ఆపి, "అది ఇంకా ఉందా? ఎప్పుడో పడిపోయిందనుకున్నానే" అంది. దాన్ని మొదలుపెట్టిన రోజు బడి పిల్లల్ని వరసకట్టి చూపించడానికి తీసుకెళ్ళారట, బ్యాండు వాయించారట. సొంత ఊళ్ళో అంత ఎత్తు మనిషి లెక్క లేకుండా పోయాడంటే జాలేస్తుంది. ఇనుము మీద కూడా జాలి పడొచ్చని అప్పుడే తెలిసింది.

బస ఒక ఇంటావిడ అద్దెకిచ్చే గదిలో. పొద్దున గుడ్లు, తీపి చిక్కుడు గింజలు, రొట్టె ఇస్తుంది. గదిలో వండకూడదని గోడ మీద కాగితం. సత్తిబాబు దాన్ని చదవలేనని ధైర్యంగా చెప్పి, సూట్‌కేసులోంచి చిన్న రైస్ కుక్కర్ తీశాడు. అన్నంలో కందిపొడి కలుపుకుని తినేవాళ్ళం. వాసన బయటికి పోకుండా తలుపు కింద తువ్వాలు కుక్కడం నా డ్యూటీ.

సోమవారం పొద్దున టెర్మినల్‌కి వెళ్ళాం. ఒకప్పుడు ఆరు పట్టాలు పక్కపక్కన ఉండేవట. ఇప్పుడు వాటి మధ్య మనిషెత్తు పిచ్చిమొక్కలు. వాటి మీద, నాలుగు కాళ్ళూ చాపుకుని, క్రేను ఒక్కటే నిలబడి ఉంది. కాపలా గదిలోంచి టీ కప్పు పట్టుకుని ఒక ముసలాయన వచ్చాడు, పేరు రాన్. ఒకప్పుడు ఆ క్రేను నడిపింది ఆయనే. టెర్మినల్ మూశాక అక్కడే సెక్యూరిటీ గార్డుగా పెట్టుకున్నారు. తాను నడిపిన దాన్ని ఎవరూ ఎత్తుకుపోకుండా చూడటం ఆయన పని. ఎత్తుకుపోవడానికి వచ్చిన మాకు ఆయనే టీ ఇచ్చాడు.

రాన్ మాటలు నేను తెలుగు చేసి సత్తిబాబుకి చెబుతూ వచ్చాను. ఆయన కుర్రతనంలో కంటైనర్ అంటే కొత్త వింత. పోర్టులో ఓడ దిగిన పెట్టె రైలెక్కి ఊరూరా టెర్మినల్‌కి వచ్చేది, అక్కణ్ణుంచి లారీ ఎక్కి మిల్లుకి పోయేది. ఇక రోడ్ల మీద పెద్ద లారీలే ఉండవని అప్పటి పెద్దమనుషులు అన్నారట. తర్వాత మిల్లులు పోయాయి, రైల్వేని ముక్కలు చేసి అమ్మారు. అన్నిటికన్నా ముఖ్యంగా పెట్టెలు పొడుగయ్యాయి. ఓడల కంపెనీలు ఒక అడుగు ఎత్తు ఎక్కువున్న కంటైనర్లు వాడటం మొదలెట్టాయి. ఊరి బయట, గుర్రపు బళ్ళ కాలంలో కట్టిన ఇటుకల వంతెన ఉంది. మామూలు వ్యాగన్ మీద పెట్టిన పొడుగు పెట్టె దాని కింద దూరదు. రైళ్ళు వేరే దారిన వేరే ఊరికి మళ్ళాయి.

వంతెన కింద పట్టాలు కాస్త తవ్వి దించుకుంటే పోయేది కదా అన్నాను. రాన్ నవ్వాడు. అది అందరికీ తెలుసట. పట్టాలు ఒకరివి, రైళ్ళు ఇంకొకరివి, వ్యాగన్లు మరొకరివి, టెర్మినల్ నాలుగోవాళ్ళది. ఆ ఖర్చు మీరు పెట్టండంటే మీరు పెట్టండని ఉత్తరాలు రాసుకుంటూ కూర్చున్నారు. ఈలోగా సరుకు లారీలెక్కి వెళ్ళిపోయింది. ఉమ్మడి గొడ్డు పుచ్చి చచ్చిందని మనవాళ్ళు ఊరికే అనలేదు. సత్తిబాబు అంతా విని, "అడుగు కోసం ఇంత పని పాడుచేసుకున్నారాండీ" అని మాత్రం అన్నాడు. అతనికి నిజంగానే బాధ కలిగింది. నాకు మాత్రం ఒళ్ళు మండింది.

పని మొదలైంది. క్రేను విప్పేటప్పుడు ప్రతి అతుకు దగ్గరా రెండు వైపులా ఒకే గుర్తు పెయింటుతో రాయాలి. అవతలి దేశంలో మళ్ళీ బిగించేటప్పుడు గుర్తుకి గుర్తు కలుపుకుంటూ పోతారు. తీరా చూస్తే ఆ క్రేను నిండా పాత రిపేర్ల వాళ్ళు రాసిన ఇంగ్లీషు అక్షరాలు, అంకెలు. ఏది ఎవరిదో తెలీదు. నేను తల పట్టుకుంటే సత్తిబాబు దారి చెప్పాడు.

"ఇయ్యన్నీ ఎవడెవడు ఏసేడో మనకెందుకండీ. మనవి తెలుగులో ఏసేద్దారండి. దేంట్లోనూ కలవవు."

బాగానే ఉందనిపించింది. ఒక కాలికి క గుణింతం, ఇంకో కాలికి చ గుణింతం, అలా మొదలెట్టాం. వాన పడుతుంటే గోనెపట్టా కప్పుకుని, ఆరిన చోటు వెతుక్కుని, పసుపు పెయింటుతో సత్తిబాబు గుండ్రంగా రాసుకుంటూ పోయాడు. అతను చదివింది ఐదో తరగతి, కానీ అక్షరాలు ముత్యాల్లా ఉండేవి. రాన్ కింద నిచ్చెన పట్టుకుని ప్రతిదాన్నీ ఎలా పలకాలని అడిగేవాడు. రెండు రోజుల్లో ఆయన నోట కి, కీ తేడా పలికింది. ఇసుక తుఫానులో కేబిన్ తలుపు ఎలా మూస్తారని రాన్ అడిగితే, సత్తిబాబు చేతులతో చూపించాడు. ఆ ఇద్దరికీ నా అనువాదం అవసరం తగ్గిపోయింది.

సాయంత్రం గదికి నడుస్తూ సత్తిబాబు కొత్త యార్డు గురించే మాట్లాడేవాడు. కేబిన్‌కి ఏసీ పెట్టించాలని, అద్దానికి అడ్డం పరదా కావాలని, వాళ్ళమ్మాయికి పైనుంచి ఫోటో తీసి పంపాలని. కువైట్‌లో రైలు ఎప్పుడొస్తుందో తెలీదని నేను అంటే, గవర్నమెంటోళ్ళు మ్యాపు గీశాక రాకుండా ఎలా ఉంటుందండీ అనేవాడు. మూడో కాలు సగానికి వచ్చాం.

ఆదివారం పొద్దున ముదీర్ ఫోన్ చేశాడు. కువైట్‌లో ఆదివారం అంటే వారం మొదలు, అందరూ ఆఫీసులో ఉంటారు. రైలు ఇప్పట్లో లేదట, వాయిదా. క్రేను ఇక్కడికి తేవడం దండగ. అక్కడి పాత ఇనుము వ్యాపారికి ఇచ్చేశాను, రేపు వాళ్ళు వస్తారు, మీరు తిరిగొచ్చెయ్యండి, యల్లా. సత్తిబాబు సంగతేమిటని అడిగాను. వచ్చాక చూద్దాం, ఇన్షాల్లా అన్నాడు. గల్ఫ్‌లో బతికినవాళ్ళకి ఆ మాట బరువు చెప్పక్కర్లేదు. మంచం మీద కూర్చుని నా మొహమే చూస్తున్నాడు సత్తిబాబు. క్రేను గురించి అడగలేదు.

"నా ఇఖామా గురించి ఏవన్నా అన్నారాండీ?"

వచ్చాక చూద్దామన్నారని చెప్పాను. అతను తల ఊపి, కుక్కర్ కడగడానికి లేచాడు.

సోమవారం గ్యాస్ కట్టర్లతో మనుషులు వచ్చారు. వాళ్ళకి అతుకులతో పనిలేదు, ఎక్కడ అనువుగా ఉంటే అక్కడ కోసేశారు. చూడక్కర్లేదని నేను అన్నా సత్తిబాబు వినలేదు. రాన్ పక్కన నిలబడి చూశాడు. ఎర్రటి మంట పెయింటుని ముందు నల్లగా మాడ్చి, తర్వాత ఇనుముని చీల్చింది. కౌ రాసిన ముక్క ఒకటి బురదలో పడింది. రాన్ దాని దగ్గరికి వెళ్ళి, ఆ అక్షరం పైకే చదివి, వెనక్కి వచ్చాడు. ఆయన కాపలా ఉద్యోగం కూడా ఆ వారంతో సరి. ఆ రోజు ఎవరికీ టీ పెట్టలేదు.

మంగళవారం మాంచెస్టర్ ఎయిర్‌పోర్టులో కౌంటర్ అమ్మాయి బోర్డింగ్ పాసులు ఇచ్చింది. దుబాయ్ వరకు ఇద్దరిదీ ఒకటే. అక్కణ్ణుంచి నాది కువైట్, సత్తిబాబుది హైదరాబాద్. పొరపాటేమో చూడమన్నాను. కంపెనీ చేసిన బుకింగే అంది. మందూబ్‌కి ఫోన్ కొట్టాను. ఇఖామా కాన్సిల్ అయింది, ఖలాస్, అతను ఇక కువైట్‌లోకి రాలేడు అని చెప్పి పెట్టేశాడు. ఇంట్లో ఉన్నవాణ్ణి గెంటితే గొడవ. పనిమీద బయటికి పంపి తలుపు గడియ పెట్టుకుంటే అడిగేవాడు లేడు. ఇది తెలివని వాళ్ళు అనుకుంటారు. నాకు తెలిసిన తెలుగులో దీనికి వేరే పేరుంది, అచ్చులో రాయలేను.

దుబాయ్ దాకా సత్తిబాబు కిటికీ వైపు తిరిగి పడుకున్నాడు. నిద్రపోలేదని నాకు తెలుసు. అక్కడ అతని గేటు ఒకవైపు, నా గేటు ఒకవైపు. వీసా ప్రయత్నం మళ్ళీ చేద్దామని ఏదో అన్నాను. అతను నా మాట పూర్తి కానివ్వలేదు.

"మంచం కింద ట్రంకు పెట్టుంటాదండి. తాళం లేదు. ఎవరైనా ఊరెళ్ళేవోళ్ళతో పంపించండి. మా ఇంటికి నేనే ఫోన్ చేస్తానండి, మీరు చెయ్యకండి."

మెట్లు దిగేటప్పుడు ఒకసారి చెయ్యి ఎత్తాడు. నేను నా గేటుకి వచ్చి కూర్చున్నాను. కాఫీ కొన్నాను, తాగలేదు.

బుధవారం కువైట్‌లో దిగాను. టాక్సీవాడు ఫింటాసా అని అడిగితే ముందు అబ్బాసియా పొమ్మన్నాను. దారి పొడుగునా కంటైనర్లు మోసుకుపోతున్న ట్రైలర్లే. ఇంగ్లండులోనూ ఇవే, ఇక్కడా ఇవే. రైలు కోసం కట్టినది అక్కడ పడగొట్టారు, ఇక్కడ కట్టనే లేదు. రెండుచోట్లా రోడ్డు మీద లారీకి మాత్రం దారి దొరికింది. నేను చూసొచ్చిన రెండు దేశాల సంగతీ ఇంతే. వెళ్ళాలనుకునేవాళ్ళు ఆ ఇటుకల వంతెన చూసి రండి, దానికి టికెట్టు లేదు.

గదిలో సత్తిబాబు మంచం మీద కొత్త మనిషి పడుకుని ఉన్నాడు. నన్ను చూసి లేచి, కూచోండి సార్ అని దుప్పటి జరిపాడు. కడప జిల్లావాడట, నలభై దాటినవాడు. మా కంపెనీయే. ట్రంకు పెట్టె అప్పటికే తలుపు వారకి జరిపి ఉంది. ఎప్పుడొచ్చావని అడిగాను.

"పోయిన బేస్తవారం దిగినా సార్. ఈ మంచం కాళీ అయిందని ఆపీసోళ్ళే చెప్పినారు. చానామందిమి వచ్చినాము, అందరమూ ట్రైలర్ డ్రైవర్లమే."

మాకు ఫోను వచ్చింది ఆదివారం. అంతకుముందు గురువారం, ఇతను ఇక్కడ దిగిన రోజు, అక్కడ రోజంతా వాన. వద్దంటే వినకుండా నిచ్చెన ఎక్కి, చొక్కా చేత్తో ఇనుము తుడుచుకుంటూ, సత్తిబాబు తన క్రేనుకి చ గుణింతం పూర్తి చేశాడు.