మా సారు నోటుబుక్కులు, నా కడుపుమంట

మా సారు పోయిన సంగతి నాకంటే ముందు ఆయన ఇంకో శిష్యురాలు దస్తగిరమ్మకు తెలిసింది. పోయిన మంగళవారం పొద్దున కడపలో నేను కాలేజీకి బయలుదేరుతుంటే ఆమె ఫోన్ వచ్చింది. "సార్, మన సారు పోయినాడు. ఇప్పుడే. నేను ఈడనే ఉండా, మంచం పక్కన" అంది.

నిజం చెప్తున్నాను, మొదట నాకు దుఃఖం రాలేదు. "మంచం పక్కన" అన్న మాట గుచ్చుకుంది. ముప్పై ఏళ్ల శిష్యుణ్ణి నేను. ఆఖరి గుక్క నీళ్లు ఆమె పోసి ఉంటుంది. కర్నూలు బస్సెక్కి మైదుకూరు దాటేవరకూ ఆ నీళ్ల గురించే ఆలోచించాను. ఏడుపు నంద్యాల దగ్గర వచ్చింది.

పోయిన మనిషి గురించి రాసేటప్పుడు ఇలాంటివి రాయకూడదని తెలుసు. కానీ ఆయన గురించి రాస్తూ నన్ను నేను మంచివాడిగా చూపించుకుంటే అది ఆయన చెప్పిన చదువుకే ద్రోహం.

ఆయన కర్నూలులో మాకు చరిత్ర చెప్పారు. పెద్ద పుస్తకాలేవీ రాయలేదు. సెలవు దొరికితే చాలు, పాత రికార్డులున్న గదుల్లో కూర్చుని తెల్లదొరల కాలం నాటి కాగితాలు చూసి రాసుకునేవారు. అక్కడ పెన్ను వాడనివ్వరు కాబట్టి పెన్సిల్‌తో రాయడం అలవాటైంది. ఆ అలవాటు ఇంట్లోనూ పోలేదు. పాలవాడికి చీటీ రాసినా పెన్సిలే. చొక్కా జేబులో ఎప్పుడూ రెండు ఉండేవి, మొన మీద కాగితం చుట్టి.

ఆయన వెతికింది ఒక్కటే. మన ఊళ్ళలో మనుషులు తమ గురించి తాము ఏం చెప్పుకున్నారు, లెక్కలు రాయడానికి వచ్చిన సర్కారు గుమాస్తాలు దాన్ని ఏమని రాశారు. ఈ రెంటికీ మధ్య ఉన్న తేడా. ఆ తేడాలోనే ఈనాటి మన గొడవలు సగం పుట్టాయనేవారు.

ఒకసారి నన్ను ఓర్వకల్లు దగ్గర ఒక పల్లెకు తీసుకుపోయారు. అక్కడ పీర్ల చావిడి ముందు రెడ్లూ బోయలూ సాయిబులూ ఒకే అరుగు మీద కూర్చుని ఉన్నారు. మొక్కుకున్న వాళ్ళలో ఎవరు ఏ మతమో చూసి చెప్పడం నా వల్ల కాలేదు. తిరిగొస్తూ బస్సులో అన్నారు:

"దొర దగ్గర కాగితంలో ఒకటే గడి ఉండాది అప్పా. హిందువు అని రాయల్ల, లేకుంటే ముస్లిం అని రాయల్ల. ఈ చావిడి ఆ గడిలో పట్టదు. పట్టకపోతే గడి మార్చుకోవల్ల గదా? వాళ్ళు గడి మార్చలేదు, మనుషుల్ని మార్చినారు. తర్వాత ఆ గడుల్లో తలకాయలు లెక్కబెట్టి సీట్లు పంచినారు. అంతే, మనోళ్ళు గూడా తలకాయలు లెక్కబెట్టడం నేర్చుకున్యారు."

"అయితే కులం కూడా వాళ్ళు పెట్టిందేనా సార్?" అని అడిగాను. ఆ వయసులో అది నాకు సుఖంగా ఉండే జవాబు.

ఆయన ఒప్పుకోలేదు. "మా జేజి, మా నాయనమ్మ, పంచలో కూలికొచ్చినోళ్ళకు వేరే గ్లాసు పెట్టింది ఏ దొరా చెప్తే గాదు. మన పాపం మనదే. వాళ్ళు చేసింది ఏందంటే, ఎవరు పైన ఎవరు కింద అని వరస పెట్టి అచ్చేసినారు. అచ్చేసేసరికి ఊర్లో పెద్దమనుషులంతా అర్జీలు పట్టుకొని పరిగెత్తినారు, మమ్మల్ని ఇంకో మెట్టు పైన రాయండని."

కొత్తవాళ్ళెవరైనా ఆయన్ని కులం అడిగితే కోపం తెచ్చుకునేవారు కాదు. జేబులో పెన్సిలు తీసి వాళ్ళ చేతికిచ్చి "యాడన్నా రాసుకోవాల్నా అప్పా?" అనేవారు. అడిగినవాళ్ళు నవ్వి ఊరుకునేవారు.

అలాగని లెక్కలే వద్దనే మనిషీ కాదు. ఒక విద్యార్థి ఎవరో, కులం రాయడమే మానేస్తే సరిపోతుంది కదా సార్ అంటే, "అణగదొక్కినోళ్ళకు న్యాయం జరగాలంటే లెక్క ఉండాల్సిందే నాయనా. అడిగేటోడు ఎందుకు అడుగుతాండాడో, అది చూడు" అన్నారు. ఆ మాట నేను నోట్సులో రాసుకున్నాను. రాసుకోవడం వరకే.

రిటైరయ్యాక ఆదివారాలు వాళ్ళింటి వరండాలో ఐదారుగురం కూర్చునేవాళ్ళం. అప్పటికి నేను కడపలో లెక్చరర్ని. అయినా వారం తప్పకుండా కర్నూలు పోయేవాణ్ణి. ఆయన సంచి నేనే మోసేవాణ్ణి. కుర్చీలు నేనే వేసేవాణ్ణి. ఆయన పక్క కుర్చీ నాదని అందరికీ తెలుసు.

పన్నెండేళ్ల కిందట దస్తగిరమ్మ ఆ వరండాకు వచ్చింది. బేతంచెర్ల పిల్ల. వాళ్ళ నాయన బండల ఫ్యాక్టరీలో పాలిష్ పని చేసేవాడు. దూదేకుల వాళ్ళు. వచ్చిన రెండో ఆదివారమే వాళ్ళ ఇంట్లో చెప్పుకునే కథ ఒకటి చెప్పింది.

"మా తాతోళ్ళ నాయన కాలంలో లెక్కలు రాసేటాయన ఊర్లేకి వచ్చినాడంట సార్. మీరు హిందువులా తురకలా అని అడిగినాడంట. మా పెద్దాయన 'పత్తి ఏకుతాం సామీ' అన్యాడంట. అది గాదు, హిందువులా తురకలా అని మళ్ళా అడిగినాడంట. 'పత్తి ఏకుతాం సామీ' అన్యాడంట మళ్ళా. మూడోసారి గూడా అదే. ఆయనకు విసుగొచ్చి ఏందో రాసుకొని పోయినాడంట. ఏం రాసినాడో మాకు ఇప్పటికీ తెలీదు సార్."

సారు కళ్ళద్దాలు తీసేశారు. తర్వాత "ఇంకోసారి చెప్పమ్మా" అని పెన్సిలు తీసి, ఆమె చెప్పింది చెప్పినట్టు రాసుకున్నారు.

అప్పటికి పద్దెనిమిదేళ్ళు ఆయన ముందు కూర్చున్నాను. నేను చెప్పిన మాట ఒక్కటి కూడా ఆయన రాసుకోలేదు. ఆ సంగతి ఆ పూటే నాకు తట్టింది. తట్టిన తర్వాత ఇక నిద్రపోలేదు, ఆ మంట.

అప్పట్నించి నేను చూసిందంతా ఆమెనే. టీ ఎవరికి ముందు ఇచ్చారు, ఆమె వ్యాసంలో ఎన్ని చోట్ల గీతలు పెట్టారు, నా వ్యాసంలో ఎన్ని. ఆమె నన్ను "అన్నా" అని పిలిచేది. నాకు తెలియని ఊరి పేరు ఏదైనా చెప్తే నేను వినపడనట్టు ఊరుకునేవాణ్ణి. ఒక ఆదివారం కాస్త ముందుగా పోయి చూస్తే నా కుర్చీలో ఆమె కూర్చుని ఉంది. నన్ను చూసి లేచింది. లేచినందుకూ కోపమే వచ్చింది నాకు, దయ చూపించినట్టు.

తర్వాత నోటుబుక్కుల సంగతి. నలభై ఏళ్ళు పెన్సిల్‌తో రాసుకున్నవి, ఒక ఇనప్పెట్టె నిండా ఉండేవి. అవి నాకే వస్తాయని నేను ఎవరినీ అడగకుండానే నమ్మాను. మా ఇంట్లో అల్మారాలో రెండు అరలు ఖాళీ చేయించి కూడా ఉంచాను. ఒక వేసవిలో పోయేసరికి పెట్టె లేదు. "దస్తగిరమ్మకు ఇచ్చినానప్పా. ఆ పాపకు పనికొస్తాయి" అన్నారు సారు. "మంచిది సార్" అన్నాను. ఇంటికొచ్చి ఆ అరల్లో పాత పరీక్ష పేపర్లు కుక్కాను.

ఇక నేను చేసిన పని.

మూడేళ్ల కిందట కర్నూలులో ఒక సదస్సు జరిగింది. దస్తగిరమ్మ తన వాళ్ళ గురించే వ్యాసం చదివింది. పెళ్ళికి ఒక పద్ధతి, చావుకు ఒక పద్ధతి పెట్టుకుని హాయిగా బతికిన మనుషుల్ని, ఏదో ఒక వైపు నిలబడండని లెక్కల కాగితం ఎలా తోసిందో, ఆ తర్వాత రెండు వైపుల వాళ్ళూ వచ్చి మీరు మావాళ్ళే, సరిగ్గా ఉండండని ఎలా లాగారో చెప్పింది. బాగా చెప్పింది. సారు ముందు వరసలో కూర్చుని తల ఊపుతున్నారు. ఆ తల ఊపడం నేను చూడలేకపోయాను.

ప్రశ్నలు అడగండనగానే లేచాను. "వ్యాసం బాగుంది గానీ, ఇంతకీ మీరు హిందువులా, ముస్లింలా? అదొకటి తేల్చుకుని రాస్తే చదివేవాళ్ళకు ఈజీగా ఉంటుంది" అన్నాను.

కొందరు నవ్వారు. ఆ నవ్వు నాకు తియ్యగా ఉంది. దాచను.

దస్తగిరమ్మ మైకు పట్టుకుని నావైపే చూసింది. "మేము బేతంచెర్లలో బండలు పాలిష్ పడతాం సార్" అంది.

హాలులో ఎవరూ నవ్వలేదు. అన్నా అనే పిల్ల నన్ను సార్ అనడం అదే మొదలు.

టీ దగ్గర సారు నా పక్కకు వచ్చి నిలబడ్డారు. గొంతు పెంచలేదు. "ఆ లెక్కల గుమాస్తాకైనా సర్కారు జీతమిచ్చిందప్పా. నిన్నెవరు పంపించినారు?" అన్నారు. అంతే, వెళ్ళిపోయారు.

రెండున్నరేళ్ళు ఆయన గడప తొక్కలేదు. సిగ్గు అని అందరికీ చెప్పాను. సిగ్గు కొంచెమే. నేను పోని ఆదివారాలు ఆ పక్క కుర్చీలో ఆమే కూర్చుని ఉంటుందన్న ఊహ ఎక్కువ.

ఆరు నెలల కిందట ఆయనకు చూపు దాదాపు పోయిందని తెలిసి వెళ్ళాను. ఆమె మంచం పక్కన స్టూలు మీద కూర్చుని ఏదో పాత కాగితం చదివి వినిపిస్తోంది. నవాబుల కాలం నాటి ఉర్దూ కాగితం. ఒక వాక్యం చదవడం, దాన్ని తెలుగులో చెప్పడం, ఆయన ఊఁ కొట్టడం. నేను వచ్చానని చెప్తే ఆయన చెయ్యి చాపి గాలిలో వెతికారు. ఆ చెయ్యి పట్టుకున్నాను. అయినా నా నోరు ఊరుకోలేదు.

"నీకేమమ్మా, మీ భాష. నాకు ఆ అదృష్టం యాడిది?" అన్నాను ఆమెతో.

ఆమె కాగితం దించింది. "మా ఇంట్లో ఉర్దూ ఎవురికొచ్చు సార్? మా జేజి కాడినుంచి అంతా తెలుగే మాట్లాడేది. సారు చెప్పినంక పాతూర్లో ఒక ముసలి టైలర్ దగ్గర నేర్చుకున్యా. రెండేండ్లు పట్టింది. అలిఫ్ అక్షరం కాడ మొదులుబెట్టి."

మంచం మీదనుంచి సారు మెల్లగా అన్నారు: "నీకు గూడా చెప్పినాను గదప్పా."

చెప్పారు. నాకు ఇరవై ఐదేళ్ళప్పుడు చెప్పారు, ముప్పై ఐదప్పుడు మళ్ళీ చెప్పారు. ఈ జిల్లా పాత కాగితాలు సగం ఆ లిపిలోనే ఉన్నాయి, నేర్చుకోప్పా అని. "ఆ భాష మనకెందుకు సార్" అన్నాను నేను. "మనం అంటే ఎవరెవరప్పా?" అని ఆయన అడిగారు. నేను నవ్వి వేరే మాటల్లోకి దిగాను. ఆయన పాఠం చెప్తున్నంతసేపూ తల ఊపిన నేను, నా లోపల ఉన్న ఆ గడిని ఒక్కసారీ చూసుకోలేదు. దస్తగిరమ్మ ఇంటిభాష ఏదో కూడా ఆమె పేరును బట్టి నేనే రాసేసుకున్నాను. ఆమెను అడగలేదు. పెట్టె ఎందుకు ఆమెకు ఇచ్చారో ఆ రోజు తెలిసింది. తెలిస్తే మంట ఆరాలి. ఆరలేదు. నాకు ఇవ్వబోయిందే ఆమెకు ఇచ్చారని, నేనే కాదనుకున్నానని తెలిసిన తర్వాత ఇంకా ఎక్కువైంది.

ఆమె వంటింట్లోకి పోయాక ఆయన చెయ్యి పట్టుకునే "తప్పయింది సార్" అన్నాను.

"నాకెందుకు చెప్తావు?" అన్నారు.

ఆమెకు చెప్పడానికి టైముందిలే అనుకున్నాను. చెప్పలేదు. ఇక్కడ చెప్తున్నాను, నలుగురిలో అడిగాను కాబట్టి నలుగురిలోనే: దస్తగిరమ్మా, ఆ రోజు నేనడిగింది ప్రశ్న కాదు. నీకు సమాధానం తెలియదని అడగలేదు, నిన్ను తగ్గించాలని అడిగాను. క్షమించమని అడిగే హక్కు కూడా నాకు ఉందో లేదో తెలియదు.

మంగళవారం నేను చేరేసరికి మధ్యాహ్నమైంది. ఓర్వకల్లు వైపు పల్లెల నుంచి రెండు ఆటోల నిండా జనం వచ్చారు. పీర్లు ఎత్తే సాయిబు ఒకాయన ఊదు పొగ వేసి, నెమలీకల కట్టతో సారు తల నుంచి పాదాల దాకా మెల్లగా నిమిరాడు. పురోహితుడు దర్భలు పట్టుకుని సాయిబు పని అయ్యేవరకూ పక్కన నిలబడి, తర్వాత తన పని మొదలుపెట్టాడు. ఎవరు ముందు, ఎవరు వెనక అని ఎవరూ మాట్లాడలేదు. సారు భార్య, మా మేడమ్, గోడకానుకుని కూర్చుని ఇద్దరికీ దండం పెట్టింది.

పాడె ఎత్తేటప్పుడు ముందువైపు ఎడమ కొమ్ము నాకిచ్చారు. ఆడపిల్లలు శ్మశానానికి రారు కాబట్టి దస్తగిరమ్మ గుమ్మం దగ్గరే ఆగిపోయింది. ఇక్కడైనా నేను గెలిచానని ఒక ఆలోచన వచ్చింది నాకు, పాడె కింద నడుస్తూ. ఆ ఆలోచనతోనే వీధి మలుపులో వెనక్కి చూశాను.

జనం పోయిన వాకిట్లో ఆమె ఒక్కతే ఉంది. సారు తోలు చెప్పులు తొక్కిసలాటలో చెరోవైపు పడి ఎండలో ఉన్నాయి. ఆమె వంగి రెండూ తీసింది. చున్నీ కొసతో దుమ్ము తుడిచింది. గడప పక్కన నీడలో, లోపలికి పోయిన మనిషి మళ్ళీ వచ్చి తొడుక్కునేటట్టు, మొనలు వీధివైపు తిప్పి పెట్టింది.