జెండా పండగ నాడు పుట్టిన పిల్ల

2022 జూన్ ఇరవై ఐదు. నూజివీడు మామిడి తోటల మధ్య ఓ చిన్న పట్నం, అందులో ఓ ప్రభుత్వ కార్యాలయం, అందులో జనన మరణాల సెక్షన్. ఊరి పేరు చెప్పను. తప్పు నాది, కాబట్టి నా గురించే చెప్పుకుంటాను.

నాకో పిచ్చి ఉంది. పొద్దున్నే రాగానే వరండాలో నల్లబోర్డు మీద, ఆ తేదీన చరిత్రలో ఏయే సంవత్సరాల్లో ఏం జరిగిందో సుద్దముక్కతో రాస్తాను. పక్క సీటు సుబ్బారావుకి అదో వేళాకోళం. "ఇవాళ ఎవరి మీద ఎవరు యుద్ధానికి వెళ్లారండీ?" అంటాడు. "నీ మీదికి నేనే వస్తాను, ముందు పని చూసుకో" అంటాను. ఆ రోజు రాసినవి రెండు: 1975లో దేశంలో ఎమర్జెన్సీ విధించడం, 1983లో మనవాళ్లు క్రికెట్ ప్రపంచ కప్పు గెలవడం.

పదకొండింటికి నాగమణి అనే అమ్మాయి వచ్చింది. పుట్టిన తేదీ సర్టిఫికెట్ కోసం వారం కిందటే వచ్చి వెళ్లింది. ఏడో తరగతి దాకా చదువుకుని, తల్లితో పాటు తోటల్లో కూలికి వెళుతోంది. వాళ్ల ఊళ్లో పిల్లల బడికి ఆయా కావాలన్నారు. ఇరవై ఒక్కేళ్లు నిండి ఉండాలి, దరఖాస్తుకి నెలాఖరే గడువు. బడి రికార్డులో మాత్రం పుట్టిన తేదీ 2002 జూన్ పన్నెండు. అంటే ఇరవై ఏళ్లే. అది తప్పేమోనని ఆ పిల్ల అనుమానం.

వారం కిందట వచ్చినప్పుడు నేను 2002 రిజిస్టర్ తీసి, ఆ తేదీకి అటూ ఇటూ మూడు నెలలు వెతికి, లేదని 'నాన్ అవైలబిలిటీ' ఇచ్చేశాను. రిజిస్టర్లో పేరు లేదని మేమిచ్చే కాగితం అది. దాన్ని పట్టుకుని పై ఆఫీసులో కొత్తగా నమోదు చేయించుకోవాలి. నెలలు పడుతుంది.

"మళ్లీ ఎందుకొచ్చావమ్మా? కాగితం ఇచ్చాను కదా!" అని కసిరాను. నా నోరే అంత.

"మా అమ్మ వస్తానందండీ" అంది బెదురుగా.

వెనకాల వరండాలో వాళ్లమ్మ వెంకమ్మ నిలబడి ఉంది. మామిడి సొన తగిలి తగిలి చేతులు నల్లగా మచ్చలు కట్టాయి. బోర్డు కేసి చూపిస్తూ, "ఏంటే అది?" అంది కూతుర్ని.

"ఇదే రోజున వేరే వేరే సంవత్సరాల్లో జరిగిన గొప్ప సంగతులంటమ్మా."

"అన్ని రోజులవీ తెలుసా ఈయనకి? అయితే నువ్వు పుట్టిన రోజుదీ తెలిసే ఉంటుంది. అయ్యగారూ, జెండా పండగ నాడు ఎక్కడో భూమి కంపించి మేడలు కూలాయి చూడండీ, అది ఏ ఏడండీ?"

నా చేతిలో పెన్ను ఆగిపోయింది. "నీకెలా గుర్తమ్మా?"

"గుర్తుండకేమండీ! పూత మీద మందు కొట్టే రోజులు. తెల్లారుజామున నొప్పులొస్తే ఆటోలో గవర్నమెంటు ఆస్పత్రికి తెచ్చారు. ఇది పుట్టేసరికి బయట జెండా ఎగరేసి చాక్లెట్లు పంచుతున్నారు. మధ్యాహ్నం నర్సమ్మగారి గదిలో టీవీ పెడితే అన్నీ కూలిపోయిన ఇళ్లే. దీన్ని గుండెలకి హత్తుకుని వణికిపోయానండీ."

జనవరి ఇరవై ఆరు! 1950లో రాజ్యాంగం అమల్లోకి వచ్చిన రోజు. 2001లో అదే రోజు పొద్దున గుజరాత్‌లో భూకంపం. ఏటా జెండా వందనానికి వచ్చినప్పుడు రెండూ నా చేత్తోనే బోర్డు మీద రాస్తాను. జెండా ఏటా ఎగురుతుంది, ఆ భూకంపం మాత్రం ఆ ఒక్క ఏడే.

"మరి బడిలో అలా ఎందుకు రాశారు?"

"ఆరు దాటాక చేర్చామండీ. మాస్టారు 'ఐదు నిండాయా' అన్నారు. నిండాయన్నాం. ఆయనే ఏదో రాసుకున్నారు."

బీరువాలోంచి 2001 రిజిస్టర్ దించాను. జనవరి పేజీలన్నీ చూశాను. లేదు. నాగమణి బల్ల అంచు గట్టిగా పట్టుకుంది. "దీని చేతులు నా చేతుల్లా కాకూడదండీ, ఇంకోసారి చూడండి బాబూ" అంది వెంకమ్మ.

అప్పుడు తట్టింది. రిజిస్టర్లో వరుస పుట్టిన తేదీది కాదు, నమోదైన తేదీది. ఆస్పత్రి వాళ్ల జాబితా మాకు ఆలస్యంగా వచ్చేది. ఫిబ్రవరి రెండో పేజీలో దొరికింది: ఆడపిల్ల, 26-1-2001, తల్లి వెంకమ్మ. బిడ్డ పేరు దగ్గర ఖాళీ. "హమ్మయ్య!" అని గట్టిగానే అరిచాను. సుబ్బారావు కూడా లేచి వచ్చాడు. నాకు ఉద్యోగం వచ్చినప్పుడు కూడా నేనంత సంబరపడలేదు.

ఇక మిగిలింది 'నేమ్ ఇన్‌క్లూజన్', అంటే ఖాళీగా ఉన్న చోట పేరు చేర్చడం. అఫిడవిట్ తెచ్చుకున్నారు, సోమవారం సర్టిఫికెట్ ఇచ్చాను. గడువులోపల దరఖాస్తు పడింది, ఉద్యోగమూ వచ్చింది.

సర్టిఫికెట్ తీసుకుంటున్నప్పుడు వెంకమ్మని అడిగాను. "ఇంత స్పష్టంగా తెలిసినదానివి, ఇన్నేళ్లూ ఎవరికీ చెప్పలేదేంటమ్మా?"

ఆవిడ నొచ్చుకోలేదు, నవ్వింది. "నన్నెవరూ అడగలేదు కదండీ."

మాస్టారు అడగలేదు. నేనూ అడగలేదు, కాగితాన్నే అడిగాను. ఇప్పుడు ఎవరొచ్చినా రిజిస్టర్ ముట్టుకోకముందే, "మీ అమ్మ ఉన్నారా?" అంటున్నాను. ఉన్నారంటే, ముందు ఆవిడకి కుర్చీ వేస్తున్నాను.