తాళం వేసిన ఇంట్లో వేలిముద్ర

దెయ్యాలంటే నాకు నమ్మకం లేదు. మాది ప్రతి ఆదివారం గుడికెళ్లి పాటలు పాడే క్రైస్తవ కుటుంబం. పోయినవాళ్లు ప్రభువు దగ్గరుంటారు తప్ప వీధుల్లో తిరగరని విని పెరిగాను. ఇప్పటికీ అదే అంటాను. కాకపోతే గొంతులో మునుపటి ధైర్యం లేదు.

బందరులో నేనూ మా పాపా ఉంటున్న ఇల్లు మా అత్తయ్య కాంతమ్మగారిది. ఆవిడ పోయి మూడేళ్లయింది. నా భర్త కూడా పోయాక, ఇల్లు తనదేనని ఆయన అన్న, మా బావగారు కోర్టులో డిక్రీ తెచ్చుకున్నారు. అత్తయ్య నాకు రాసిచ్చిందని, డిక్రీ అమలు ఆపమని నేను పిటిషన్ వేశాను. స్టే రాకముందే ఇల్లు ఖాళీ చేయించడానికి కోర్టు అమీనా వస్తున్నాడని తెలిసింది. పాపని కోడూరులో మా అమ్మ దగ్గర దింపి వచ్చాను.

"బయట తాళం వేయించి లోపల చప్పుడు చెయ్యకుండా కూర్చోమ్మా" అన్నారు మా ప్లీడరుగారు ఫోన్లో. "తాళం ఉందని రాసుకుని వెళ్లిపోతాడు. పగలగొట్టాలంటే మళ్లీ ఆర్డరు తెచ్చుకోవాలి. ఈలోగా స్టే వచ్చేస్తుంది."

ఈ సలహా మీద బందరులో ఎంతమంది ఇలా కూర్చున్నారో ఆయనకే తెలియాలి. పక్కింటి రత్నకుమారి అక్కయ్య తాళం వేసి డ్యూటీకి వెళ్లిపోయింది.

ఫ్యాను వెయ్యకూడదు, దగ్గకూడదు. సొంత ఇంట్లో దొంగలా నడిగదిలో నేల మీద చతికిలబడ్డాను. ఏడుపొస్తే దాన్నీ మింగేశాను.

పదకొండింటికి అమీనా, బావగారి ప్లీడరు గుమాస్తా వచ్చి తాళం లాగి చూశారు. తర్వాత అడుగులు సందులోకి, అత్తయ్య గది కిటికీ వైపు వెళ్లాయి.

"ఏంటి మామ్మగారూ, మిమ్మల్ని లోపల పెట్టి తాళమేసుకెళ్లారా? మీ పేరేంటండీ?" అన్నాడు అమీనా.

ఇంట్లో నేను తప్ప ఎవరూ లేరు. జవాబు నాకు వినపడలేదు.

కాసేపటికి, "సరేనండీ, ఖాళీ చెయ్యనన్నారని రాసుకుంటాను. ఇక్కడ వేలిముద్ర వెయ్యండి" అన్నాడు.

వాళ్లు వెళ్లిపోయారు. ముందు తలుపుకి బయట తాళం, పక్కన ఆ గది. ఐదింటికి అక్కయ్య వచ్చేదాకా నేను కూర్చున్న చోటు నుంచి కదల్లేదు.

ఇద్దరం కలిసి గది తెరిచాం. ఎవరూ లేరు. అత్తయ్య పోయాక నేనే మేకులు కొట్టి మూసేసిన కిటికీ మాత్రం బార్లా తెరిచి ఉంది. మేకులు ఎంత వెతికినా దొరకలేదు.

తర్వాత అమీనా రిపోర్టు నకలు చూశాను. కాంతమ్మ అనే ఆవిడ ఇది తన ఇల్లని అడ్డుపడిందని రాశాడు. కింద వేలిముద్ర, దానికి అడ్డంగా ఓ తెల్ల గీత. మినుము కోతలో కొడవలి తగిలి అత్తయ్య బొటనవేలికి పడిన గాటు అది. ఆ వేలికి పసుపు అద్ది కట్టు కట్టింది నేనే.

చనిపోయిన తల్లి పేరుతో ఎవరినో కూర్చోబెట్టానని బావగారు మండిపడ్డారు. వేలిముద్ర వేసిన మనిషిని వచ్చే వాయిదాకి హాజరుపరచమని, అప్పటిదాకా ఇంటి జోలికి వెళ్లొద్దని కోర్టు చెప్పింది.

"ఎవరమ్మా ఆవిడ? నాకైనా నిజం చెప్పు" అంటున్నారు ప్లీడరుగారు.

ఎవరూ లేరంటే ఇల్లు పోతుంది. ఉన్నారంటే తీసుకెళ్లాలి. ఆ రోజు జరిగిందేమిటో నాకే అంతుపట్టలేదు. ఆ మాట చెబితే ఏ కోర్టు రాసుకుంటుంది?