నీళ్లకు బహువచనం

వ్యాసర్పాడి రైలు యార్డు కూలీ కూతురు లూర్దుమేరి నర్సు చదువులో దేనికీ జంకలేదు, ఒక్క ఇంగ్లీషుకు తప్ప. తెలుగులో నీళ్లు ఎప్పుడూ బహువచనమే గనక, ఇంగ్లీషులోనూ ఆమె నోట "వాటర్స్" అనే వచ్చేది. పాఠాలు చెప్పే సిస్టర్ చూడామణి ఏడాది పొడుగునా ఎగతాళి చేసింది.

"నీళ్లను ఈడ ఎవరూ లెక్కబెట్టరే! వాటర్ అను."

యాభైనాలుగులో కాన్పుల పరీక్షకు బయటినుంచి ఒక డాక్టరమ్మ వచ్చింది. "ఉమ్మనీరు పోతే కేసు షీటులో ఏమని రాస్తావు?" అని అడిగింది. పరీక్ష తప్పితే ఇంకో ఏడాది చదవాలి. పక్కనున్న చూడామణి, పాపం, పెదవులు కదిపి "వాటర్" అని అందించింది.

గురువు మాట వేదమనుకునే పిల్ల కాదు లూర్దుమేరి. ఉమ్మనీటికి రాసే మాటను కాన్పుల పుస్తకంలో కళ్లారా చూసింది.

"వాటర్స్ బ్రోకెన్, మేడమ్."

"కరెక్ట్. చాలామంది ఆ ఎస్ మింగేస్తారు," అంటూ డాక్టరమ్మ పాస్ చేసింది.

బయటికొచ్చాక చూడామణి నిలదీసింది. "ఏమే, నేను చెప్పింది వినబళ్లేదా?"

"వినబడింది సిస్టర్. మీరు చెప్పింది తాగే నీళ్లు. ఇవి బిడ్డ నీళ్లు గదా!"

"వాయాడి, వాగుడుకాయా! సోమారం నుంచి కాన్పుల వార్డు డ్యూటీ నీకే, పో."