ఫ్లవర్ బ్రాకెట్లలో మా బావ మాటలు

మొన్న బుధవారం పొద్దున ఉదయగిరిలో, మా అక్క ఇంటి వరండాలో, ఆమె ఎదురుగా కూర్చుని ఒక అబద్ధం చెప్పాను. అరవై దాటిన మనిషిని, అబద్ధాలు నాకు కొత్త కాదు. కానీ ఇది చనిపోయిన మనిషి మీద పెట్టిన అబద్ధం, ఆయన లేచి వచ్చి కాదనలేడన్న ధైర్యంతో చెప్పిన అబద్ధం, అందుకే ముందు దాన్ని ఒప్పుకుని తర్వాత మిగతా కథలోకి వస్తాను.

నెల కిందట అక్క ఫోన్ చేసింది. బావ ట్రంకుపెట్టె సర్దుతుంటే అడుగున గుడ్డసంచిలో చుట్టిన నల్లటి అట్టలాంటిది దొరికిందట, దానిమీద బావ చేతిరాతతో పులి-మేక అని రాసి ఉందట. ‘ఇందులో మీ బావ ఆట ఉండాదంట కదరా అబ్బయ్యా, ఒకసారి ఆడించు’ అంది. అది ఫ్లాపీ అని నాకు అర్థమైంది. మన వయసువాళ్లకు ఫ్లాపీ అంటే ఏమిటో చెప్పనక్కర్లేదు, బూజు పట్టకుండా డబ్బాలో పెట్టి, అయస్కాంతం సోకకుండా కాపాడుకుని, అయినా అవసరమైన రోజునే చదవనని మొరాయించే ఆ పలకల్ని మనమెవరం మరచిపోలేదు. బావ పోయి పన్నెండేళ్లయింది. ఆయన చేతిలో ఉన్నది చివరిదాకా బటన్ల ఫోనే, ఆయన గొంతు ఎక్కడా రికార్డు కాలేదు. అక్క అడిగింది ఆట కాదని, ఇంకొక్కసారి ఆయనతో కూర్చోవడమని నాకు ఫోన్ పెట్టేయకముందే తెలుసు.

మా బావ వరికుంటపాడు బడిలో లెక్కల అయ్యవారు. సాయంత్రం బడినుంచి వచ్చి కాళ్లు కడుక్కుని, వరండా బండమీద సుద్దముక్కతో గీతలు గీసి, మూడు గులకరాళ్లు తను పెట్టుకుని, పదిహేను చింతగింజలు అక్క ముందు పోసేవాడు. రాళ్లు పులులు, గింజలు మేకలు. పులి మేకమీదుగా దూకితే మేక చచ్చినట్టు, మేకలన్నీ కలిసి పులులు కదలకుండా కట్టేస్తే పులి ఓడినట్టు. ఉదయగిరి కోట కొండ ఎక్కినప్పుడు రాళ్లమీద ఎవరో ఎప్పుడో చెక్కిన ఇవే గీతలు చూపించి, సైన్యం కూడా దీన్నే ఆడింది చూడరా అని నాకు చెప్పింది కూడా ఆయనే. ఆట ఎంతసేపో ఆయన నోరూ అంతసేపు ఆడేది. అక్క ఒక గింజ తప్పు చోట పెట్టిందా, ‘ఏందిమే, నిద్రబోతాండావా? ఆడ పులి ఉండాది కనపడలా?’ అనేవాడు. గింజ ఎత్తి పక్కన పెట్టుకుంటూ, ‘బలిసిన మేక, కూరకు సరిపోతాది’ అనేవాడు. అక్క చేతిలో ఉన్న గింజ ఆయనమీదికి విసిరేది. ఆ గింజలు వెతుక్కోవడం నా పని.

హైదరాబాదులో కంప్యూటర్ కోర్సు చేసి వచ్చి, నేను ఆత్మకూరు బస్టాండు దగ్గర మిద్దెమీద గది తీసుకుని రెండు పాత యంత్రాలతో సెంటర్ పెట్టిన రోజులవి. శనివారం శనివారం బావ బస్సెక్కి, రెండు గంటలకు పైగా దుమ్ములో ఊగుతూ నా దగ్గరకు వచ్చేవాడు. పులి ఎప్పుడు దూకాలో, ఎప్పుడు ఊరుకోవాలో, ఎప్పుడు కావాలనే ఒక దారి వదిలి మేకను ఆశపెట్టాలో ఒక పొడుగాటి నోటుపుస్తకంలో అంకెలు వేసి రాసుకొచ్చేవాడు, నేను దాన్ని పాస్కల్ అనే కంప్యూటర్ భాషలోకి మార్చేవాణ్ణి. ఆలోచన ఆయనది, వేళ్లు నావి. పులి వెంటనే కదిలితే ఆయనకు నచ్చలేదు. ‘పులి ఊరికే దూకదురా, మీసం దువ్వుకుని దూకుతాది’ అంటే, యంత్రం చేత ఊరికే వేల అంకెలు లెక్కపెట్టించి, ఆ లెక్క అయ్యాకే పులి కదిలేలా చేశాను. ఆయన మాటలు కూడా, ఇంగ్లీషు అక్షరాలతో తెలుగు రాసి, ఎక్కడివక్కడ పెట్టాను. మేక చస్తే ఒకటి, మేక తప్పించుకుంటే ఒకటి, మేకలే గెలిస్తే మరొకటి.

అంతవరకూ నేను చేసినదాంట్లో తప్పు లేదు. ఆట పూర్తయిందని సెంటర్లో నలుగురికీ చూపించాలని ఒక ఆదివారం ఏర్పాటు చేసుకున్నాను. నెల్లూరు నుంచి ఒక కాలేజీ లెక్చరర్ వస్తానన్నాడు. ముందురోజు తెరమీద ఆ మాటలు చూస్తుంటే నాకు హైదరాబాదు హాస్టల్ గుర్తొచ్చింది. అక్కడ నేను మొదటి రోజు ‘నీళ్లు యాడ ఉండాయి’ అని అడిగినందుకు రెండేళ్లపాటు నా పేరే ఉండాది అయింది, ఉండాది వచ్చినాడు, ఉండాది తిన్నాడు అని నవ్వేవాళ్లు. ఆ నవ్వు మళ్లీ నా సెంటర్లో వినబడుతుందేమోనని భయపడి, బావ మాటలన్నీ దిద్దేశాను. ‘ఏందిమే’ తీసి ‘అయ్యో’ పెట్టాను, ‘ఆడ పులి ఉండాది’ తీసి ‘అక్కడ పులి ఉంది’ అని రాశాను. మొదటి తెరమీద తయారుచేసినవారు అని ఒక్క పేరే వేశాను, నాది.

ఆదివారం బావ ఇస్త్రీ చొక్కా వేసుకుని వచ్చాడు. లెక్చరర్ ఆడుతుంటే నా వెనక నిలబడి తెర మీద మాటలు ఒక్కొక్కటీ చదివాడు. నేను ఆయన మొహంవైపు చూడలేదు, మెడ వెనక ఆయన ఊపిరి మాత్రం తెలుస్తూ ఉంది. అందరూ చప్పట్లు కొట్టాక ఆయన నా భుజం తట్టి, ఒక్క మాట, ‘బాగుండాదిరా’ అన్నాడు. ఒక ఫ్లాపీలో ఆట అడిగి తీసుకుని జేబులో పెట్టుకుని వెళ్లిపోయాడు. ఆ తర్వాత శనివారం రాలేదు, ఆపై ఏ శనివారమూ రాలేదు. పండగలకు, పెళ్లిళ్లకు కలిశాం, నవ్వుకున్నాం. క్షమించమని అడగడానికి నాకు పద్దెనిమిదేళ్లు టైముంది, అడగలేదు.

ఇక మొన్నటి సంగతి. ఫ్లాపీ చదివే చిన్న పెట్టె ఒకటి తెప్పించుకుని ల్యాప్‌టాప్‌కు తగిలించి అక్క ముందు కూర్చున్నాను. ఫ్లాపీ నిక్షేపంగా చదివింది, ఆట మాత్రం తెరుచుకోలేదు, ఈ ప్రోగ్రాం మీ కంప్యూటర్లో నడవదని కొత్త యంత్రం ఖరాఖండిగా చెప్పేసింది. దానికి విరుగుడుగా, కొత్త యంత్రం లోపల పాత డాస్ యంత్రంలా నటించే ప్రోగ్రాం ఒకటి ఉంటుంది, అందులోంచి తెరిస్తే ఆకుపచ్చ గీతలతో పులి-మేక వచ్చింది. అక్క కళ్లద్దాలు సర్దుకుని మొదటి మేకను పెట్టింది. ఆమె వేలు ఇంకా మీటమీదే ఉంది, పులి దూకి మేకను తినేసింది. ‘ఇదేందిరా, ఈ ఎగబడేదేంది? మీ బావ ఇట్ల ఆడడు’ అంది. తప్పు నాది, ఆనాడు పులి మీసం దువ్వుకోవడానికి లెక్కపెట్టించిన వేల అంకెల్ని ఈనాటి యంత్రం రెప్పపాటులో లెక్కపెట్టేస్తోంది. వేగం తగ్గించే మీటలు నొక్కుతూ నొక్కుతూ యంత్రాన్ని ముప్పై ఏళ్లు వెనక్కి తెచ్చాను. పులి ఆగింది, చూసింది, అప్పుడు దూకింది. అక్క ముఖం విప్పారింది.

తర్వాత తెరమీద మాట వచ్చింది. ఎనిమిదో తరగతి ఇంగ్లీషుతో అక్క కూడబలుక్కుని చదివింది, ‘పి యు ఎల్ ఐ, పులి. యు ఎన్ డి ఐ... ఉంది.’ అని ఆగి, మిగతా అక్షరాల కోసం తెరంతా వెతికింది. ‘ఇంకా ఉండాల కదరా. ఉండాది అంటాడు ఆయన. ఇది మీ బావ మాట కాదు.’

అప్పుడు నేను ఆ అబద్ధం చెప్పాను. ‘బావే అట్ల మార్చమన్నాడక్కా, పదిమంది చూస్తారు బాగుండదని.’ అక్క నావైపు చూసింది, కళ్లద్దాలు తీసి కొంగుతో తుడుచుకుంది, ‘అట్లనా’ అంది. ఇంక ఆడలేదు. కాఫీ పెడతానని లేచి లోపలికి వెళ్లింది. ఆత్మకూరు బస్సులో కూర్చున్నంతసేపూ ఆ ‘అట్లనా’ నా చెవిలోనే ఉంది.

ఇంటికొచ్చి అటకమీది డబ్బా దించాను. నా పాత ఫ్లాపీల్లో ఒకదాంట్లో ఆట అసలు రాత, అంటే నేను టైపు చేసిన పాస్కల్ ఫైలు ఉండాలి. ఆ రోజు బావ మాటల్ని దిద్దినప్పుడు చెరిపేయడానికి ఎందుకో చెయ్యి రాక, వాటి చుట్టూ ఫ్లవర్ బ్రాకెట్లు పెట్టి వదిలేశానని నాకు లీలగా గుర్తు. ఫ్లవర్ బ్రాకెట్లలో ఉన్నదాన్ని యంత్రం చదవదు, దాటిపోతుంది, కానీ అది అక్కడే ఉంటుంది. బావ నోటుపుస్తకాన్ని ఎప్పుడో చెదలు తినేశాయి. ఆ మాటలు ఇంకెక్కడా లేవు.

పెట్టెలో పెడితే ఫ్లాపీ గరగరమంది, చదవలేనంది. మళ్లీ పెట్టాను, మళ్లీ అదే. రేకుతలుపు పక్కకు జరిపి చూస్తే లోపలి నల్లటి బిళ్లమీద బూజు మచ్చలు. దూదికి స్పిరిట్ అద్ది, ఊపిరి బిగబట్టి, బిళ్లను వేలితో కొద్దికొద్దిగా తిప్పుతూ తుడిచాను. గట్టిగా రుద్దితే మాటలే చెరిగిపోతాయి, రుద్దకపోతే చదవదు. నా భార్య అన్నానికి పిలిచి పిలిచి ఊరుకుంది. ఎన్నిసార్లు పెట్టి తీశానో లెక్కలేదు, సాయంత్రం నాలుగింటికి గరగర సన్నబడి, ఫైలు కొంచెం కొంచెంగా ల్యాప్‌టాప్‌లోకి కదిలి, చివరిదాకా వచ్చింది. తెరిచి చూశాను. ఆట నడిపే రాత మొత్తం దక్కింది. ఫ్లవర్ బ్రాకెట్ల మధ్య, ‘ఏందిమే, నిద్రబోతాండావా’ ఉంది. ‘ఆడ పులి ఉండాది’ ఉంది. బలిసిన మేక ఉంది. ముప్పై ఏళ్లు నోరు నొక్కుకుని కూర్చున్న మనిషి ఎదురుగా వచ్చినట్టు అనిపించి, కాసేపు తెరవైపు చూడలేకపోయాను. కానీ మేకలు గెలిచినప్పుడు బావ అనే మాట దగ్గర బూజు తినేసింది, అక్కడ పిచ్చి గుర్తులు తప్ప ఏమీ లేవు. ఎంత తన్నుకున్నా అది నాకు గుర్తు రాలేదు. దాన్ని అడగగలిగింది ఒక్కరినే, ఆమెను అడగాలంటే ముందు నిజం చెప్పాలి.

గురువారం పొద్దున్నే మళ్లీ బస్సెక్కాను. అక్క వరండాలో కూర్చుని చింతపండు గింజ తీస్తోంది. ల్యాప్‌టాప్ తెరవకుండానే మొత్తం చెప్పేశాను, హాస్టల్ నవ్వులు, ఆదివారం, నా ఒక్కడి పేరు, నిన్నటి అబద్ధం, ఏదీ దాచలేదు. ఆమె తల ఎత్తలేదు. గింజలు తీసి గిన్నెలో వేస్తూనే ఉంది. లేచి పొమ్మంటుందేమో అనుకున్నాను, అన్నా బాగుండేది.

‘ఆ రోజు ఇంటికొచ్చి ఏమన్నాడో తెలుసునా?’ అంది చివరికి. ‘మీ తమ్ముడు పెద్దోడైపోయినాడుమే, నా మాటలు దిద్దినాడు అన్నాడు.’

‘అయితే నిన్న నీకు తెలుసా?’

‘తెలవకేం.’

‘మరి అడగలేదేందక్కా?’

‘అడిగితే ఇంకోటి చెప్తావు కదరా. నువ్వే వచ్చి చెప్తావా లేదా అని చూసినాను.’ గిన్నె పక్కకు జరిపింది. ‘ఆలస్యంగా అయినా వచ్చినావు. ఆయనకే, పాపం, అందలేదు.’

ల్యాప్‌టాప్ తెరిచి, బూజు తినేసిన చోటు చూపించి, బావ ఓడిపోయినప్పుడు ఏమనేవాడని అడిగాను. అక్కకు నవ్వొచ్చింది, నవ్వు ఆపుకోబోయి ఆపుకోలేకపోయింది. ‘ఆయన యాడ ఓడినాడు! నేను పులుల్ని కట్టేసినప్పుడల్లా ఆవలించి, నిద్రొస్తాండాదిమే, గింజలెత్తు అనేవాడు. దొంగ నిద్ర.’

అక్కడే కూర్చుని ఆ మాట టైపు చేశాను. నేను దిద్ది పెట్టినవి కొట్టేసి, బావ మిగతా మాటల చుట్టూ ఉన్న ఫ్లవర్ బ్రాకెట్లు ఒక్కొక్కటే తీసేశాను. మొదటి తెరమీద ఆట చెప్పినవారు అని బావ పేరు, దానికింద చిన్నగా టైపు చేసినవాడు అని నా పేరు వేశాను. నేను సిగ్గుపడ్డ ఆ మాటల్నే ఇప్పుడు మా ఊరి పిల్లలు ఫోన్లలో ఇంగ్లీషు అక్షరాలతోనే, ఏ దిద్దుబాటూ లేకుండా, ఒకరికొకరు పంపుకుంటున్నారు, ఎవరూ నవ్వడం లేదు, నవ్వినా వాళ్లు లెక్కచేయడం లేదు. ముప్పై ఏళ్లు ఓపిక పట్టి ఉంటే నాకు ఆ భయమే ఉండేది కాదు. యంత్రాలు ఇంత వేగం నేర్చాయి, మా బావలా ఆగి చూసి దూకడం మాత్రం వాటికి మనం పనిగట్టుకుని చెప్పాల్సి వస్తోంది.

అక్క రెండాటలు ఓడింది. ‘ఆడ పులి ఉండాది కనపడలా’ అని తెర అంటే, ‘కనపడింది లే, నీ నోరు మూసుకో’ అని గదమాయించింది. మూడో ఆటలో పెదవి కొరుక్కుంటూ, ఒక్కో మేకా ఆలోచించి పెట్టి, మూడు పులుల్నీ కదలకుండా కట్టేసింది. తెరమీద అక్షరాలు వచ్చాయి. వేలు పెట్టి ఒక్కొక్కటే చదువుకుంది, ‘నిద్రొస్తాండాదిమే, గింజలెత్తు.’ వేలు అక్కడినుంచి తీయలేదు.

‘సరే, పడుకో’ అంది మెల్లగా.

ఆ మాట కూడా, పులి ఆగినట్టే, అంకెలు లెక్కపెట్టినంతసేపు తెరమీద కొన్ని క్షణాలే ఉండి చెరిగిపోయేలా ఆనాడు రాశాను. అది చెరిగిపోకముందే నేను చెయ్యి చాపి, వేగం తగ్గించే మీటలు నొక్కుతూ ఉండిపోయాను.