అవ్వ పరుపుకు సరిపోయే చద్దరు కోసం ఆర్మూరుకు

చద్దరు కొనడానికి ఒక ప్రయాణం, దాని గురించి ఒక రాత అని నవ్వేవాళ్లు నవ్వండి. తొంభై రెండులో, పసుపు సీజన్లో, నేను మోర్తాడ్ నుంచి ఆర్మూరుకు పోయింది అచ్చంగా అందుకే. అప్పట్లో నేను దుబాయిలో స్లాబులకు చెక్కలు కొట్టే షట్టరింగ్ కార్పెంటర్‌ని. రెండు నెలల సెలవు మీద ఇంటికొచ్చేసరికి మా అమ్మ తుంటి విరిగి మంచంలో ఉంది. అవ్వ అని పిలుస్తాం మేము. నిజామాబాదు నుంచి ఐదు అంగుళాల ఫోము పరుపు తెప్పించి, నేను సూట్‌కేసులో మోసుకొచ్చిన పూల చద్దరు దాని మీద పరిచాం. కవరు మీది బొమ్మ చూసి, దుకాణంలో అన్నిటికన్నా ఖరీదైనది కదా అని కొన్నాను. తీరా చూస్తే అది ఇద్దరు పడుకునే పెద్ద మంచానిది. పొద్దంతా టేపు పట్టుకొని బతికేవాణ్ని, ఆ ఒక్కటీ కొలవకుండా కొన్న తెలివి నాది. అవ్వకు మాత్రం అదే కావాలి. చూడవచ్చిన ప్రతి మనిషికీ "నా కొడుకు తెచ్చిండు" అని చెప్పుకునేది.

మిగిలిన బట్టంతా పరుపు కింద ఎంత దోపినా మళ్లీ వదులై, అవ్వ నడుము కింద మడతలు పడేది. ఒకరోజు దవాఖాన నర్సమ్మ వచ్చి అవ్వను పక్కకు తిప్పింది. వీపు కింది భాగంలో రూపాయి బిళ్లంత ఎర్రటి మచ్చ. "గీమెకు షుగర్ ఉన్నది. గీ మచ్చ పుండయితే మానుడు కష్టం. ముందు గీ మడతలు లేకుండ చేయుండ్రి" అని గట్టిగానే చెప్పింది. నా సెలవు ఇంకా ఎనిమిది రోజులే ఉంది. అవ్వను అట్లా వదిలి విమానం ఎక్కుతానా అని ఆ రోజు నాకు అన్నం పోలేదు.

మర్నాడు పొద్దున టేపుతో పరుపు కొలిచాను. నిడివి డెబ్బై రెండు అంగుళాలు, వెడల్పు ముప్పై ఆరు, మందం ఐదు. కాగితం జేబులో పెట్టుకొని ఎనిమిది గంటల బస్సెక్కాను. టికెట్టు నాలుగు రూపాయలు, వేల్పూరు మీదుగా ముప్పావు గంట. సీట్ల మధ్యనంతా పసుపు సంచులే. ఒక సంచి మీదే కూర్చోబోతే కండక్టర్ ఆపాడు. "తెల్ల పాయింటు ఏసుకున్నవ్, దిగేటాళ్లకు పెండ్లికొడుకు లెక్క అయితవ్" అన్నాడు. నిలబడే పోయాను. దిగాక చూసుకుంటే మోకాళ్ల కింద అంతా పచ్చగానే ఉంది.

బస్టాండు దగ్గరి మొదటి దుకాణంలో సింగిల్, డబల్ తప్ప మూడో మాట లేదు. సింగిల్ విప్పి కొలిస్తే అరవై, తొంభై. సరిపోతుందో లేదో అడిగితే "అందరు గదే కొంటరు" అన్నాడు. అక్కడినుంచి పసుపు అమ్మిపెట్టే అడ్తి దుకాణాల వైపు నడిస్తే ఒక పాత బట్టల దుకాణం కనిపించింది. నేలంతా పరుపులు, వాటిమీద తెల్ల బట్ట, ఆ మీద పెళ్లి చీరలు చూస్తున్న ఒక కుటుంబం. గల్లా దగ్గరున్న ముసలి సేటుకు నా కాగితం చూపించాను. మందం రెండు వైపులా కలిపి లెక్క కట్టే ఉంచాను, ఎనభై రెండు, నలభై ఆరు. ఒక్క అంగుళం అటూ ఇటూ కావద్దన్నాను.

"నువ్వు ఏం పని జేస్తవ్ తమ్మీ?" అన్నాడు. చెప్పాను. "గదే అనుకున్న. చెక్కకు కొలిచినట్టు కొలిచినవ్."

చీరల వాళ్ల వైపు తిరిగి, "రెండు నిమిషాలు లేవుండ్రి. గీయన తల్లి మంచంల ఉన్నది" అన్నాడు. ఒకావిడ మూతి తిప్పుకుంటూనే లేచింది. సేటు ఒక తెల్ల నూలు తానులోంచి బట్ట లాగి, నా కొలతకు మడిచి, ఖాళీ అయిన పరుపు మీద పరిచి నన్ను పడుకోమన్నాడు. అంతమందిలో సిగ్గుతో చచ్చాను. అయినా పడుకొని ఒక్క పక్క పొర్లానో లేదో, అంచులు లేచి బట్ట నా వీపు కిందికి వచ్చేసింది. తర్వాత ఎటు చూసినా ఎనిమిది అంగుళాలు పరుపు కిందికి పోయేలా పరిచాడు. ముందు తలవైపు దోపి, కాళ్ల వైపు లాగి దోపి, ఆఖరుకు పక్కలు. ఈసారి నాలుగుసార్లు పొర్లినా బట్ట కదల్లేదు. మూతి తిప్పిన ఆవిడ కూడా వంగి మూలలు చూసింది.

"మా బాపు ఏడాది మంచంల ఉండె. గప్పుడు నేర్సుకున్న" అన్నాడు సేటు. నూలు బట్ట మొదటి ఉతుకులో నిడివి తగ్గుతుందని ఇంకో నాలుగంగుళాలు కలిపి, మార్చి మార్చి పరవడానికి రెండు మీటర్ల అరవై సెంటీమీటర్ల చొప్పున రెండు ముక్కలు కోశాడు. తాను వెడల్పు అరవై మూడు కాబట్టి నడుమ అతుకు కుట్టు రాలేదు. మీటరు ముప్పై రూపాయలు. అంచులు కుట్టిన టైలరు పది తీసుకున్నాడు. అన్నీ అయ్యాక అసలు భయం చెప్పుకున్నాను. నేను తెచ్చినది తీస్తే అవ్వ ఒప్పుకోదని.

"తీసుడెందుకు? కింద పరుసుడు బంద్ జేసి మీద కప్పు. కప్పుకునేది ఎంత పెద్దగున్నా ఏం గాదు" అన్నాడు. ఇంత చిన్న సంగతి ఇంట్లో నలుగురం ఉండి ఒక్కరికీ తట్టలేదు.

ఒంటిగంట బస్సుకు ఇల్లు చేరాను. నా భార్య గంగామణి బీడీలు చుట్టే చాట పక్కన పెట్టి, కొత్త చద్దర్లు రెండూ ఉతికి ఎండలో వేసింది. నాలుగింటికల్లా ఆరాయి. పూల చద్దరు తీస్తుంటే అవ్వ ముఖం గోడవైపు తిప్పుకుంది. "నా కొడుకు తెచ్చింది నాకెందుకు లేకుండ జేస్తుర్రు" అని ఏడ్చింది. తెల్లది బిగుతుగా పరిచి అవ్వను పడుకోబెట్టి, పూలది గొంతుదాకా కప్పాం. చేత్తో తడుముకుంటూ చాలాసేపు చూసుకుంది. "గిప్పుడే మంచిగున్నది. ఇన్నొద్దులు పువ్వులన్ని నా కిందనే ఉండె, ఎవ్వలికి కనపడకపాయె" అంది. గంగామణి నవ్వు ఆపుకోలేక బయటికి పోయింది.

మీరూ ఇట్లాంటి పని మీద బజారుకు పోయేట్టయితే ఒక్కటి గుర్తుంచుకోండి. పరుపు నిడివి, వెడల్పులతో పాటు మందం కూడా కొలవండి. రెండు కొలతలకూ మందం రెండుసార్లు, కింద దోపడానికి పదహారు అంగుళాలు కలపండి. నూలుదైతే నిడివికి ఇంకో నాలుగు.

ఆ సేటు రుణం నేను తీర్చుకోలేదు. మళ్లీ సెలవుకు వచ్చేసరికి దుకాణం చేతులు మారింది, కనీసం పేరైనా అడగలేదని ఇప్పటికీ బాధే. నేను దుబాయి చేరిన నెలకు మచ్చ పోయిందని ఉత్తరం వచ్చింది. అవ్వ ఇంకో మూడేళ్లు బతికింది. ఆఖరి చూపుకు నేను అందలేదు. ఫోనులో గంగామణి మొదట ఏడ్చింది, తర్వాత స్నానం చేయించిన ఆడవాళ్ల మాట చెప్పింది. మూడేళ్లు మంచంలో ఉన్న మనిషి వీపు మీద ఒక్క పుండు లేదని వాళ్లు ఆశ్చర్యపోయారట. నేను చేసింది ఒక్క పూట ప్రయాణం. ఆ మూడేళ్లూ పొద్దునా సాయంత్రం ఆ చద్దరు లాగి పరిచింది గంగామణి.