అక్క ఆపేసిన సినిమా

మొన్న శుక్రవారం ఫోన్‌లో ఏదైనా చూద్దామని వెతుకుతుంటే, నాజీ క్యాంపుల నుంచి బతికొచ్చిన యూదుల కథ ఒకటి కనబడింది. వేలు అక్కడే ఆగిపోయింది. పక్కన కాళ్లు ముడుచుకుని వేయించిన శనగలు నములుతూ, "ఏడుపు సినిమానా? అయితే పెట్టమ్మాయ్" అనే అక్క లేదు.

అక్కంటే తోడబుట్టినది కాదు. దుబాయ్ అవతల ఫుజైరాలో ఒకే ఆసుపత్రిలో నర్సులం, ఒకే గదిలో ఉండేవాళ్లం. ఆవిడది నరసాపురం వైపు. కరోనా ఏడాది సెలవు దొరికిన మధ్యాహ్నాల్లో ఆవిడకి ఇలాంటి సినిమాలే కావాలి. ఏడ్చేది కాదు, శనగలు నమలడం ఆపేది, అంతే. చంపినవాళ్ల సంగతి వస్తే "వాళ్లకి దేవుడున్నాడు" అనేసేది. బతికినవాళ్లు ఎందుకు సిగ్గుపడతారన్నదే ఆవిడ ప్రశ్న.

ఒక సినిమాలో, క్యాంపులో తానూ ఖైదీగా ఉంటూనే రోగుల్ని చూసిన నర్సు, యుద్ధం ముగిశాక రొట్టెల దుకాణంలో పనిచేస్తుంటుంది. ఒకామె వెతుక్కుంటూ వచ్చి, "ఉన్న కాస్త మందూ నాకిచ్చావు. మా చెల్లికి ఎందుకివ్వలేదు?" అని అడుగుతుంది. అక్క అక్కడే ఆపేసింది. "వాళ్ల కష్టంతో మనకి పోలిక పెడితే పాపం. అయినా చెప్తాను," అంది. వార్డులో ఒకేసారి ఇద్దరికి ఊపిరందలేదట. తనొక్కతే ఉంది. దగ్గరున్న మంచానికి పరుగెత్తింది. రెండో మంచం మీది జగిత్యాల మేస్త్రి పోయాడు. పక్క ఊరు కల్బాలో ఉండే అతని తమ్ముడు, మేం సినిమా చూసిన మర్నాడే అక్కని కలవడానికి వస్తున్నాడట.

ఆసుపత్రి గేటు దగ్గర నేనూ ఉన్నాను. అతను ఖర్జూరాల డబ్బా చాచి, చేతులెత్తి మొక్కబోతూ, "మా అన్నను మంచిగ చూస్కున్నరంట సిస్టర్" అన్నాడు. అక్క డబ్బా అందుకోకుండా జరిగింది చెప్పేసింది. అతను చాచిన డబ్బా దించి అడిగాడు.

"ఇంకొకాయన బతికిండా?"

"బతికాడు బాబూ."

"ఆయనకు పిల్లలున్నరా?"

"తెలీదు."

"ఉంటరు తియ్యి," అని, డబ్బా గోడ మీద పెట్టి వెళ్లిపోయాడు. క్షమించాడో లేదో ఆ మాటలో నాకు దొరకలేదు. ఎందుకు చెప్పావని దారిలో అడిగాను. "నాది కాని దండం ఎలా తీసుకోనే?" అంది.

తర్వాత అక్క సౌదీకి మారిపోయింది. ఫోన్‌లో కూరల గురించి, మోకాళ్ల నొప్పుల గురించి మాట్లాడుకుంటాం. బతికినవాళ్ల సిగ్గు గురించిన ప్రశ్నలు పక్కన కూర్చున్నవాళ్లనే అడగగలం. ఆ మధ్యాహ్నాలు భయంతో గడిపినవే, అయినా మనసు అటే పోతుంది. ఎప్పుడు గడుస్తాయా అని ఎదురుచూసిన రోజులనే, తర్వాత కాలమే మనచేత వెతికిస్తుంది.